విమర్శ రాయాలనుకుంటున్న తమ్ముడికి

తమ్ముడూ,

నువ్వు పంపిన నాటకం రివ్యూ నిదానంగా చదివాను. భాష బాగుంది, చదివించే గుణం ఉంది, అది మొహమాటానికి అంటున్న మాట కాదు. కానీ మొత్తం రివ్యూలో నాటకం ఎలా ఉండాలో ఉంది, దర్శకుడికి ఏమీ రాదని ఉంది, ఆయన మనిషిగా ఎలాంటివాడో కూడా ఉంది, ఆ సాయంత్రం స్టేజ్ మీద ఏం జరిగింది, చూస్తుంటే నీకేమయింది, పక్కన కూర్చున్నవాళ్ళు ఎక్కడ నవ్వారు ఎక్కడ ఫోన్లు తీశారు అన్నది మాత్రం ఒక్క లైను లేదు. విమర్శకుడు ముందు సాక్షి, ఆ తర్వాతే జడ్జి అని నేను గట్టిగా నమ్ముతా. నువ్వు ఎలాగూ 18వ శతాబ్దపు ఇంగ్లిష్ సాహిత్యం చదువుతున్నావు కాబట్టి అక్కడి నుంచే చెప్తా, నాటకం చూసి బయటికొచ్చి కాఫీ హౌసులో వాదించుకోవడం, మర్నాడు పేపర్లో రాయడం, దానికి ఇంకొకడు పాంప్లెట్ వేసి జవాబివ్వడం ఇవన్నీ ఊపందుకున్నది ఆ లండన్‌లోనే.

జాన్ డెన్నిస్‌తో మొదలుపెడతా. ఆ కాలంలో బాగా పేరున్న విమర్శకుడు, తెలివైనవాడు, చదువుకున్నవాడు. 1709లో 'అప్పియస్ అండ్ వర్జీనియా' అని ట్రాజెడీ రాస్తే అది ఆడలేదు. 1711లో ఇంకా ఇరవై మూడేళ్ళు నిండని కవి అలెగ్జాండర్ పోప్ 'ఎస్సే ఆన్ క్రిటిసిజమ్' అనే పద్యం అచ్చేసి, అందులో తప్పు చెప్తే చాలు మొహం ఎర్రబడిపోయే అప్పియస్ అంటూ ఆయన్ని గిల్లాడు. యాభై దాటిన డెన్నిస్ దానికి ఊరుకోవచ్చు, లేదా పద్యంలో తప్పులు పట్టుకోవచ్చు, పట్టుకున్నాడు కూడా, కానీ అక్కడితో ఆగకుండా చిన్నప్పటి జబ్బు వల్ల వంగిపోయిన పోప్ వీపు మీదికి పోయి గూని కప్ప అని రాశాడు. ఆ పాంప్లెట్‌లో ఉన్న మంచి పాయింట్లు ఇవాళ ఎవరికీ గుర్తు లేవు, కప్ప మాట మాత్రం మిగిలిపోయింది.

అదే మనిషి 1713లో ఏం చేశాడో చూడు. ఆ ఏప్రిల్‌లో డ్రూరీ లేన్ థియేటర్‌లో అడిసన్ రాసిన 'కేటో' ఆడింది, సీజర్‌ని ఎదిరించిన రోమన్ కేటో కథ, స్పెక్టేటర్ పత్రికతో అప్పటికే పెద్ద పేరున్న అడిసన్. స్వేచ్ఛ అనే మాట వచ్చినప్పుడల్లా విగ్ పార్టీవాళ్ళు చప్పట్లు, ఆ దెబ్బ మాకు తగల్లేదని చూపించుకోవడానికి వాళ్ళ ప్రత్యర్థి పార్టీ టోరీలు కూడా చప్పట్లు, టోరీ నాయకుడు బోలింగ్‌బ్రోక్ అయితే కేటో వేషం వేసిన బూత్‌ని తన బాక్సుకి పిలిపించి 50 గినీలు ఇచ్చాడు. హాలంతా ఊగిపోతుంటే డెన్నిస్ ఒక్కడే కూర్చుని ఇందులో జరిగేదాంట్లో అర్థం లేదు అన్నాడు. కథంతా ఒకే చోట జరగాలన్న రూలు కోసం అడిసన్ మొత్తం కేటో ఉండే భవనంలోని ఒక్క హాల్లోనే పెట్టాడు, దాంతో కేటో మీద కుట్ర చేసేవాళ్ళు కేటో ఇంట్లోనే నిలబడి గట్టిగా మాట్లాడుకుంటూ కుట్ర చేస్తారు! ఇంత సూటి పాయింట్ ఇంకెవరికీ తట్టలేదు. కానీ రాసిన తీరులో అంత కోపం ఉండేసరికి ఎవరూ పట్టించుకోలేదు, పైగా పోప్ ఆయనకి పిచ్చెక్కింది అన్నట్టు ఇంకో పాంప్లెట్ రాశాడు. చాలా ఏళ్ళ తర్వాత, తర్వాతి తరం పెద్ద విమర్శకుడు శామ్యూల్ జాన్సన్ అడిసన్ జీవితం రాస్తూ ఆ విమర్శని పేజీలకి పేజీలు తీసి పెట్టి, కోపంతో చూపించాడు గానీ తప్పులు పట్టింది మాత్రం చురుకైన బుర్రతోనే, ఇది మరుగున పడకూడదు అన్నాడు. అప్పటికి డెన్నిస్ పోయి నలభై ఏళ్ళు దాటింది. నీ రివ్యూలో దర్శకుడి మనిషితనం గురించి ఉన్న పేరా తీసెయ్యమని నేననేది ఇందుకే. అది ఉంటే మిగతాది ఎవరూ చదవరు.

ఆ హాళ్ళు ఎలా ఉండేవో కూడా కొంచెం ఊహించుకో, అప్పుడు ఒక రాత్రి తీర్పుకి ఎంత బరువుండేదో తెలుస్తుంది. 1737 లైసెన్సింగ్ చట్టం తర్వాత లండన్‌లో మాటల నాటకం ఆడే హక్కు డ్రూరీ లేన్, కోవెంట్ గార్డెన్ ఈ రెండు థియేటర్లదే, కొత్త నాటకం ఏదైనా ముందు లార్డ్ చాంబర్లేన్ అనే రాజాస్థాన అధికారి ఆఫీసుకి పంపి పర్మిషన్ తెచ్చుకోవాలి. హాల్లో దీపాలు ఆర్పరు, కొవ్వొత్తుల వెలుగులో జనం స్టేజ్‌నీ చూస్తారు, ఒకళ్ళనొకళ్ళూ చూసుకుంటారు. మూడో అంకం అయ్యాక వస్తే సగం టికెట్టే, ఆ అలవాటు తీసేద్దామని 1763లో చూస్తే జనం బెంచీలు విరగ్గొట్టారు, డ్రూరీ లేన్ మేనేజర్, ఆ కాలపు పెద్ద నటుడు డేవిడ్ గారిక్ అంతటివాడు దిగిరావాల్సొచ్చింది. రచయితకి డబ్బులెప్పుడో తెలుసా, మూడో రాత్రి వసూళ్ళలో ఖర్చులు పోగా మిగిలింది, నాటకం నిలబడితే ఆరో రాత్రిది, తొమ్మిదో రాత్రిది. అంటే మొదటి రాత్రి పిట్‌లో, అంటే స్టేజ్ ముందు కింది బెంచీల్లో కూర్చున్న నలుగురు ఈలలేసి నాటకాన్ని పడగొడితే ఆ మనిషికి ఏళ్ళ కష్టానికి పైసా రాదు.

ఈ బాధ జాన్సన్‌కి స్వయంగా తెలుసు. 1749లో గారిక్ ఆయన 'ఐరీన్' ఆడించాడు, చివర్లో హీరోయిన్ మెడకి వింటితాడు బిగించి స్టేజ్ మీదే చంపబోతే జనం మర్డర్ మర్డర్ అని అరిచారు, ఆవిడ బతికుండగానే లోపలికి వెళ్ళిపోవాల్సొచ్చింది, తర్వాతి రాత్రుల్లో ఆ చావు తెర వెనక్కి మార్చారు. తొమ్మిది రాత్రులు ఆడింది, ఆయన ఇంకెప్పుడూ నాటకం రాయలేదు. కానీ ప్రేక్షకుల మీద పగ పెట్టుకోలేదు. 1765లో షేక్‌స్పియర్ ఎడిషన్‌కి రాసిన ముందుమాటలో, స్థలం మారకూడదు కాలం మారకూడదు అనే పండితులకి ఆయన ఇచ్చిన జవాబు ఒక్కటే, చూసేవాళ్ళు మొదటినుంచి చివరిదాకా స్పృహలోనే ఉంటారు, స్టేజ్ స్టేజేనని వాళ్ళకి తెలుసు అని. హాల్లో కూర్చున్న మనిషి బుర్రలో నిజంగా ఏం జరుగుతుందో చూసి ఆ మాట అన్నాడు, పుస్తకాల్లోంచి తెచ్చుకోలేదు. కింగ్ లియర్ దగ్గరైతే ఇంకా ముందుకెళ్ళి, లియర్ కూతురు కార్డీలియా చావు తనని ఎంత కుదిపిందంటే ఎడిటర్‌గా దిద్దాల్సి వచ్చేదాకా ఆ చివరి సీన్లు మళ్ళీ చదవగలిగేవాణ్ణో కాదో అని రాశాడు. అందుకే నేహమ్ టేట్ 1681లో మార్చిన సుఖాంతాన్నే సమర్థించాడు. ఆ తీర్పు నేను ఒప్పుకోను, కార్డీలియా బతికితే లియర్ నాటకమే లేదు. అయినా ఆ రెండు లైన్లు చదివినప్పుడల్లా షేక్‌స్పియర్ బలం ఏంటో ఇంకో రకంగా తెలుస్తుంది, తీర్పు కొట్టుకుపోయినా సాక్ష్యం పనికొస్తూనే ఉంది.

సాక్ష్యం అంటే ఎలా ఉండాలో చూపించేది మాత్రం విమర్శకుడు కూడా కాని లిష్టెన్‌బెర్గ్, ఫిజిక్స్ చెప్పే జర్మన్ ప్రొఫెసర్. లండన్‌లో గారిక్ హామ్లెట్ చూసి 1775లో స్నేహితుడికి ఉత్తరం రాశాడు. దయ్యం వస్తోంది అని హొరేషియో అనగానే గారిక్ గిరుక్కున తిరిగి రెండుమూడడుగులు వెనక్కి తూలాడట, మోకాళ్ళు సడలాయి, టోపీ కింద పడింది, చేతులు రెండూ చాచి, ఎడమది ఎక్కువ చాచి, వేళ్ళు విడివిడిగా, నోరు తెరుచుకుని అలా ఉండిపోయాడు, ఇంకా నోట మాట రాకముందే చూసేవాళ్ళకి ఒళ్ళు జలదరించింది. అద్భుతం, మహానటుడు లాంటి మాటలతో పని లేకుండా, రెండొందల యాభై ఏళ్ళ తర్వాత మనకి గారిక్ కనిపిస్తున్నాడు. ఫీల్డింగ్ నవల 'టామ్ జోన్స్'లో పార్ట్‌రిడ్జ్ అనే అమాయకుడు కూడా ఇదే హామ్లెట్‌కి వెళ్తాడు, దయ్యాన్ని చూసిన గారిక్ భయం చూసి తనూ వణికిపోయి, ఇందులో నటన ఏముంది దయ్యం కనిపిస్తే నేనూ ఇలాగే చేస్తాను, గట్టిగా మాట్లాడే ఆ రాజు వేషగాడే అసలు నటుడు అంటాడు. గారిక్ నటన గురించి ఇంతకన్నా మంచి రివ్యూ నేను చదవలేదు.

విమర్శ నాటకాన్ని పాడూ చెయ్యగలదు, బాగూ చెయ్యగలదు. గోల్డ్‌స్మిత్ (మన వీరేశలింగం గారి రాజశేఖర చరిత్ర వెనకున్న వికార్ ఆఫ్ వేక్‌ఫీల్డ్ ఈయనదే) 1768లో 'ది గుడ్ నేచర్డ్ మ్యాన్'లో అప్పు వసూలుకొచ్చిన బంట్రోతులతో ఒక సీన్ రాస్తే, అది నవ్వించినా సరే, నీచంగా ఉంది అని కేకలేసి తీయించారు, ఆయన పుస్తకంలో మళ్ళీ పెట్టుకున్నాడు. అదే 1775 జనవరి 17న షెరిడాన్ 'ది రైవల్స్' దెబ్బతిన్నప్పుడు, మరీ పొడుగుంది, సర్ లూసియస్ వేషం వేసినవాడు బాలేదు అని జనమూ పేపర్లూ ఇదిగో ఇక్కడ అని చూపించారు, ఇరవై మూడేళ్ళ కుర్రాడు కోసి దిద్దుకుని నటుణ్ణి మార్చి 28న మళ్ళీ తెచ్చాడు, అది ఇవాళ్టికీ ఆడుతోంది. నువ్వు రాసేది రెండోరకంగా ఉండాలని నా కోరిక, చదివిన దర్శకుడు ఏ సీన్ దగ్గర ఏం చెయ్యాలో వెతుక్కోగలగాలి.

ముందు జాన్సన్ షేక్‌స్పియర్ ముందుమాట చదువు, తర్వాత అడిసన్ జీవితంలో డెన్నిస్ భాగం, అప్పుడు షెరిడాన్ 'ది క్రిటిక్'. 1779 నాటిది, అందులో పఫ్ అనేవాడు పేపర్లలో పొగడ్తలు రాసి బతికే విద్యని ఎన్ని రకాలుగా విడదీసి చెప్తాడో ఆ సీన్ మాత్రం పైకి చదువుకో. ఈలోపు ఆ నాటకం మళ్ళీ ఎక్కడైనా ఆడితే ఇంకోసారి వెళ్ళు, ఈసారి మధ్యలో కాకుండా వెనక వరసలో కూర్చో, జనం వీపులు కనపడతాయి.

ప్రేమతో,
అన్నయ్య