హార్డీ నేల, ఎమిలీ గాలి, క్లేర్ పొలిమేర

ఇంగ్లిష్ రచయితలకూ వాళ్ల ఊళ్లకూ, నేలలకూ ఉన్న సంబంధం గురించి పాఠకులు అడిగిన ప్రశ్నల్లో కొన్నిటికి ఈ నెల జవాబులిస్తున్నాం.

ప్రశ్న: హార్డీ రాసిన ‘టెస్’ మాకు పాఠ్యాంశం. కథ ఆగి పొలాల వర్ణన మొదలైతే చాలు, పేజీలు తిప్పేస్తున్నాను. ‘హార్డీ నవలల్లో ప్రకృతి కూడా ఒక పాత్ర’ అని నోట్సులో ఉంది. పరీక్షలో దీన్ని ఎలా వివరించాలి? – ఎం.ఏ. విద్యార్థిని, తెనాలి

జవాబు: ముందు ఆ వాక్యాన్ని కొట్టేయండి. ఏ నవలకు తగిలించినా అతుక్కుపోయే మాట అది, అందుకే దానితో ఏమీ తేలదు. దాని బదులు, టెస్ ఏ అధ్యాయంలో ఏ మట్టి మీద నిలబడి ఉందో చూడండి. థామస్ హార్డీ 1840లో ఇంగ్లండ్ నైరుతి ప్రాంతంలోని డోర్సెట్‌లో, ఒక తాపీమేస్త్రీ ఇంట్లో పుట్టాడు. పదహారేళ్లకే డోర్చెస్టర్‌లో ఒక ఆర్కిటెక్ట్ దగ్గర పని నేర్చుకోవడానికి చేరాడు. స్థలాన్ని కొలిచి చూసే అలవాటు ఆయనకు అప్పటి నుంచే ఉంది. 1891లో పుస్తకంగా వచ్చిన ఈ నవలలో ముఖ్యంగా మూడు రకాల నేలలు కనిపిస్తాయి.

టెస్ పుట్టిన బ్లాక్‌మూర్ లోయది బంకమన్ను. నీరు తొందరగా ఇంకదు, గడ్డి దట్టంగా పెరుగుతుంది. చిన్న చిన్న మళ్లు, వాటి చుట్టూ పచ్చటి దడులు. ఈ లోయ దాటి టెస్ పెద్దగా ఎక్కడికీ వెళ్లి ఎరగదని హార్డీ ముందే చెబుతాడు. ఆ అమాయకత్వానికి ఊరి కొలతలే ఒక కారణం.

రెండోది ఫ్రూమ్ నది లోయ, టాల్బొథేస్ పాడి క్షేత్రం. విశాలమైన పచ్చిక, పారే నీరు, పదుల కొద్దీ ఆవులు. ఇక్కడ వెన్న గురించిన సన్నివేశం ఒకటుంది, దాన్ని మాత్రం దాటేయకండి. వెన్నలో ఏదో ఘాటు తగులుతోందని ఫిర్యాదు వస్తుంది. పచ్చికలో అడవి వెల్లుల్లి మొలిచి ఉంటుందని యజమాని క్రిక్ పసిగడతాడు. అందరూ మొనదేలిన పాత చాకులు పట్టుకుని, వరసగా నిలబడి, తల వంచి, అంగుళం అంగుళం నేల వెతుక్కుంటూ నడుస్తారు. పొలమంతా గాలిస్తే దొరికేవి ఐదారు మొలకలకు మించవు. కానీ ఒక్క ఆవు ఒక్కసారి కొరికినా ఆ రోజు పాడి మొత్తం చెడిపోయేంత ఘాటు వాటిది. ఆ వరసలో, పాడి పని నేర్చుకోవడానికి వచ్చిన ఏంజెల్ క్లేర్ కావాలనే టెస్ పక్కన చేరతాడు. ప్రేమకథ ఒక అడుగు ముందుకు పడింది, ఆ అడుగు వేయించింది పచ్చికలోని కలుపు మొక్క.

మూడోది ఫ్లింట్‌కోంబ్-యాష్. ఇది సుద్ద మిట్ట. సుద్ద నీటిని పీల్చేస్తుంది కాబట్టి మిట్ట మీద చెరువు, వాగు ఉండవు. చెట్లు తక్కువ, మడి పెద్దది, గాలికి అడ్డు లేదు. టెస్, పాడి నాటి స్నేహితురాలు మేరియన్ పనిచేసే టర్నిప్ చేను ఒకే చెక్కగా నూరెకరాల పైచిలుకు. దాని నిండా చెకుముకి రాళ్లు. దుంపల పై సగాన్ని పశువులు తినేసి ఉంటాయి. భూమిలో మిగిలిన కింది సగాన్ని కొక్కెం లాంటి పనిముట్టుతో పెళ్లగించడం ఈ ఆడవాళ్ల పని. చలికాలం, వాన, రోజు కూలి. పాడి లోయలో పని జనం మధ్య సాగింది. ఇక్కడ ఆకాశం కింద రెండు చుక్కల్లా ఇద్దరే మిగులుతారు.

ఇక అసలు మలుపు. పెళ్లాడిన ఏంజెల్ విడిచి వెళ్లాడు, టెస్ అత్తమామలను కలవడానికి వెళ్లాలి. ఈ సుద్ద మిట్ట మీదికి రైలు మార్గం ఇంకా ఎక్కలేదని హార్డీ సూటిగా చెబుతాడు. అందుకని నడవాలి. పోను పదిహేను మైళ్లు, రాను పదిహేను. అంటే మొత్తం 48 కిలోమీటర్లు. పని మానితే కూలి పోతుంది కాబట్టి ఆదివారమే వెళ్లాలి. ఆదివారం కాబట్టి అత్తమామలు చర్చిలో ఉంటారు. దారికి మందపాటి బూట్లు కావాలి, అత్తింటి గుమ్మంలో నాజూకు బూట్లు కావాలి. ఊరి దగ్గర బూట్లు మార్చుకుని, పాతవి దడిలో దాస్తుంది. భర్త అన్నలు, వాళ్ల వెంట ఉన్న మెర్సీ చాంట్ అనే యువతి ఆ బూట్లు చూసి ఎవరో మోసగాడు దాచాడనుకుని తీసుకుపోతారు. టెస్ ధైర్యం అక్కడే జారిపోతుంది, అత్తమామల ముఖం చూడకుండానే వెనక్కి తిరుగుతుంది. ఆ తిరుగు దారిలోనే, గతంలో ఆమె జీవితాన్ని దెబ్బతీసిన అలెక్ మళ్లీ ఎదురవుతాడు. నేల సుద్ద కాకపోతే, రైలు ఉంటే, ఆ బూట్ల అవసరమే లేదు.

పరీక్ష కోసం ఒక కాగితం మీద నాలుగు గళ్లు గీయండి: నేల, కాలం, పని, టెస్‌కు జరిగింది. నవలను హార్డీ ఏడు దశలుగా విడగొట్టాడు, ఒక్కో దశకు ఒక్కో వరస నింపండి. మొదటి మూడు గళ్లూ నాలుగోదాన్ని ఎక్కడ నిర్ణయించాయో అక్కడ గీత గీయండి. మీ వ్యాసం ఆ గీతల మీద నడవాలి. ఎక్కువమంది చేసే తప్పు లోయ అంటే ఆనందం, మిట్ట అంటే దుఃఖం అని సూత్రం కట్టేయడం. టెస్ జీవితాన్ని దెబ్బతీసిన మొదటి ఘటన పచ్చటి అడవిలో, హాయిగా కనిపించే చోటే జరిగింది. సూత్రం అక్కడే విరిగిపోతుంది.

ప్రశ్న: హార్డీ కథలు జరిగే వెసెక్స్ నిజంగా ఉందా? ఇంగ్లండ్ వెళ్లకుండా ఆ ఊళ్లను గుర్తుపట్టే మార్గం ఏదైనా చెప్పగలరా? – ఉపాధ్యాయుడు, హనుమకొండ

జవాబు: వెసెక్స్ పాత సాక్సన్ రాజ్యం పేరు. హార్డీ దాన్ని 1874 నాటి నవలలో మొదటిసారి తన కథల నేలకు పెట్టుకున్నాడు. 1895-96లో నవలలన్నీ సంపుటాలుగా వచ్చినప్పుడు పేర్లూ దూరాలూ సరిచూసి, పటం కూడా జోడించాడు. కేస్టర్‌బ్రిడ్జ్ అంటే డోర్చెస్టర్, బడ్‌మౌత్ అంటే వేమత్, మెల్‌చెస్టర్ అంటే సాల్స్‌బరీ, క్రైస్ట్‌మిన్‌స్టర్ అంటే ఆక్స్‌ఫర్డ్, శాండ్‌బోర్న్ అంటే బోర్న్‌మత్. పట్టణాలు ఇలా తేలిగ్గానే దొరుకుతాయి. పొలాలు, ఇళ్లు దొరకవు. హార్డీ కథల్లోని ఎగ్డన్ బీడు అనేది ఒక్క చోటు కాదు, పేర్లు వేరైన చాలా బీళ్లను కలిపి కట్టినది. అందులో చాలా భాగం ఇప్పుడు పైన్ తోటల కింద, సాగు కింద ఉంది.

ఇంట్లో కూర్చుని చూడాలంటే స్కాట్లండ్ నేషనల్ లైబ్రరీ వెబ్‌సైట్‌లో ఇంగ్లండ్ పాత ఆర్డ్‌నెన్స్ సర్వే (ప్రభుత్వ భూసర్వే) పటాలు ఉచితంగా ఉన్నాయి. మైలుకు ఆరంగుళాల కొలతతో, 19వ శతాబ్దం చివర వేసిన వరస తీసుకోండి. పొలం గట్టు, కాలిబాట, బావి దాకా అన్నీ కనిపిస్తాయి. నవలలో పాత్ర బయల్దేరిన చోటు, చేరిన చోటు గుర్తుపెట్టి, మధ్య దూరాన్ని వెబ్‌సైట్‌లోని కొలత సాధనంతో కొలవండి. మిట్ట దారిలో గంటకు మూడు మైళ్లకు మించి లెక్క వేయకండి. ఒక్క జాగ్రత్త: జిల్లా సరిహద్దులు 1974లో మారాయి. హార్డీ కాలంలో బోర్న్‌మత్ హ్యాంప్‌షైర్‌లో ఉండేది, ఇప్పుడు డోర్సెట్‌లో ఉంది. కొత్త పటంతో పాత నవల చదివితే ఇలాంటి చోటే తికమక పడతాం.

మొదట డోర్చెస్టర్‌తో మొదలుపెట్టండి. ఊరికి దక్షిణంగా మాంబరీ రింగ్స్ అనే గుండ్రటి మట్టికట్ట కనిపిస్తుంది. అది ఆదిమ కాలపు కట్టడం, రోమన్లు దాన్ని ప్రదర్శనశాలగా మార్చుకున్నారు. ‘కేస్టర్‌బ్రిడ్జ్ మేయర్’లో హెంచార్డ్, ఏళ్ల కిందట అమ్మేసిన భార్యను రహస్యంగా కలుసుకునేది అక్కడే. ఊరి పక్కనే ఉన్నా, లోపల ఎవరున్నారో బయటివాళ్లకు కనిపించని స్థలం. పటంలో ఆ గుండ్రం చూస్తే హార్డీ ఎందుకు ఎంచుకున్నాడో వెంటనే అర్థమవుతుంది.

ప్రశ్న: లీడ్స్‌లో ఉంటున్నాను. అమ్మానాన్న వేసవిలో వస్తున్నారు. బ్రాంటీ అక్కచెల్లెళ్ల ఊరు హావర్త్ చూపించాలని ఉంది. టాప్ విథెన్స్ అనే పాడుబడ్డ ఇల్లే ‘వదరింగ్ హైట్స్’ అంటున్నారు. అక్కడిదాకా నడవగలరా? – ఐటీ ఉద్యోగిని, లీడ్స్

జవాబు: లీడ్స్ నుంచి కీత్లీకి రైలు, అక్కడి నుంచి హావర్త్‌కు బస్సు ఉన్నాయి. బొగ్గు ఇంజన్ల పాత రైలు కూడా నడుస్తుంది, నాన్నగారికి నచ్చవచ్చు, కానీ అది రోజూ ఉండదు, ముందే చూసుకోండి. హావర్త్ వీధి నిట్టనిలువు ఎక్కుడు, రాళ్లు పరిచిన దారి. మోకాళ్ల నొప్పులుంటే బస్సులో పైదాకా వెళ్లి కిందికి నడవడం మేలు.

ఊరి నుంచి టాప్ విథెన్స్ సుమారు నాలుగు మైళ్లు, తిరిగి రావాలి కాబట్టి ఎనిమిది. ఆగుతూ నడిస్తే నాలుగైదు గంటలు పడుతుంది. పెద్దవాళ్లకు బ్రాంటీ జలపాతం వరకు చాలు, దూరం సుమారు రెండున్నర మైళ్లు. జపాన్ నుంచి పాఠకులు ఎంతగా వస్తారంటే దారిలో కొన్ని గుర్తుపలకల మీద జపనీస్ అక్షరాలు కూడా ఉన్నాయి. ఊదారంగు హెదర్ పూలు చూడాలంటే ఆగస్టులో వెళ్లండి. ఈ నేలలో పీట్ ఉంటుంది, అంటే వేల ఏళ్లుగా నాచు, గడ్డి పూర్తిగా కుళ్లక పేరుకున్న నల్లటి మెత్తటి మన్ను. పైకి గట్టిగా కనిపించి, కాలు పెడితే మడమ దాకా దిగుతుంది. బాట వదలకూడదు. చీర, చెప్పులు వద్దు. చీలమండ పట్టి ఉంచే బూట్లు, వాన కోటు తప్పనిసరి. పొగమంచు దిగితే పది నిమిషాల్లో దారి కనిపించదు, సెల్ సిగ్నల్ మీద ఆధారపడకండి.

ఇక ఆ ఇల్లు. 1964లో బ్రాంటీ సొసైటీ అక్కడ గోడకు ఒక పలక బిగించింది. ‘వదరింగ్ హైట్స్’ రాసిన ఎమిలీ బ్రాంటీ వర్ణించిన ఇంటికీ ఈ కట్టడానికీ పోలిక ఎన్నడూ లేదని, నవలలో ఇంటి పరిసరాలకు మాత్రం ఈ చోటు ఆమె మనసులో ఉండి ఉండవచ్చని దాని సారాంశం. మా అభిప్రాయమూ అదే. ఇంటి గోడల కోసం వెతక్కండి, గాలి ఎటు వీస్తోందో చూడండి. 1847లో వచ్చిన ఆ నవల మొదటి అధ్యాయంలోనే ముళ్లచెట్ల కొమ్మలన్నీ ఒకే వైపు సాగి ఉంటాయి. రెండో అధ్యాయంలో, కొత్తగా అద్దెకు వచ్చిన లాక్‌వుడ్ నాలుగు మైళ్లు నడిచి, ఇంటి యజమాని హీత్‌క్లిఫ్ గేటు చేరేసరికి మంచు మొదలవుతుంది. మర్నాడు తిరిగి వెళ్లేటప్పుడు అతను దారి రాళ్లను గుర్తుచేసుకుంటాడు. బాటకు ఒక పక్క ఆరేడు గజాలకొకటి చొప్పున నిలబెట్టి, చీకట్లో కనిపించేలా సున్నం పూసిన రాళ్లు. రెండు పక్కలా ఉన్న లోతైన ఊబికీ, గట్టి దారికీ తేడా తెలిపేవి అవే. మంచు వాటినీ కప్పేస్తుంది. ఆ రాత్రి అతను ఆ ఇంట్లో ఉండిపోవడానికి, కలలో కిటికీ దగ్గర దెయ్యం చేతిని చూడటానికి కారణం ఈ నేలే. కథ మొత్తం ఆ చిక్కుకుపోవడంతోనే తెరుచుకుంటుంది.

ఇంకో మాట. హావర్త్‌ను ఏకాంత కుగ్రామంగా ఊహించుకోకండి. ఎమిలీ కాలంలో అది ఉన్ని మిల్లుల ఊరు. 1850 నాటి ప్రభుత్వ ఆరోగ్య నివేదిక ప్రకారం మురుగు కాలవలు లేవు, మంచినీరు చాలదు, సగటున మరణించే వయసు 26 లోపే. ఆమె ఇంటి ముందు కిక్కిరిసిన సమాధులు, ఇంటి వెనక బీడు. ఏ వైపు నడవాలనిపిస్తుందో ఆ ఇంటి ముందు నిలబడితే మీకే తెలుస్తుంది.

ప్రశ్న: వర్డ్స్‌వర్త్ మేఘంలా ఒంటరిగా తిరిగాననీ, డాఫోడిల్స్ చూశాననీ రాశాడు. పక్కన చెల్లెలు ఉందట కదా, అబద్ధమా? – పదో తరగతి విద్యార్థి తండ్రి, కర్నూలు

జవాబు: 1802 ఏప్రిల్ 15న అల్స్‌వాటర్ సరస్సు ఒడ్డున అన్నాచెల్లెళ్లిద్దరూ ఉన్నారు. చెల్లెలు డొరొతీ డైరీలో ఆ రోజు గాలి హోరు, ఒడ్డు వెంట రహదారి వెడల్పున సాగిన పూల వరస, అలసి రాళ్ల మీద తల వాల్చిన పూలు, గాలికి ఊగి ఆడిన పూలు అన్నీ ఉన్నాయి. పద్యం రెండేళ్ల తరువాత, 1804లో పుట్టింది, 1807లో అచ్చయింది, 1815లో ఒక చరణం పెరిగింది. అబద్ధం అనకండి. పద్యం చెప్పేది చూసిన రోజు గురించి కాదు, తరువాత సోఫాలో ఒంటరిగా పడుకున్నప్పుడు ఆ పూలు గుర్తుకు రావడం గురించి. ఆ ఒంటరితనం ఆ గుర్తుకు కావాలి. రెండూ పక్కపక్కన పెట్టి మీ అబ్బాయికి చదివించండి, డైరీ ముందు, పద్యం తరువాత. వర్డ్స్‌వర్త్ తిన్నని కంకర దారి మీద ముందుకూ వెనక్కూ పచార్లు చేస్తూ పద్యం కట్టేవాడనీ, అతని స్నేహితుడైన కవి కోల్‌రిడ్జ్‌కు మిట్టపల్లాల నేల ఇష్టమనీ వాళ్లతో నడిచిన వ్యాసకర్త హాజ్‌లిట్ రాశాడు. ఇద్దరి పద్యాలనూ పైకి చదివి వింటే ఆ తేడా చెవికి తగులుతుంది.

ప్రశ్న: పాఠ్యపుస్తకాల్లో లేని ఒక రచయిత పేరు చెప్పండి, ఊరే ప్రాణంగా రాసిన వాడు. – పాఠకుడు, బెంగళూరు

జవాబు: జాన్ క్లేర్. 1793లో ఇంగ్లండ్‌లోని హెల్ప్‌స్టన్ అనే పల్లెలో పుట్టిన వ్యవసాయ కూలీ. 1809 చట్టంతో ఆ ఊరి ఉమ్మడి బీళ్లన్నీ పంచి, కంచెలు వేసి, కొందరి సొంతం చేశారు. పశువులు మేసిన చోటు, పిల్లలు తిరిగిన బాట మూసుకుపోయాయి. క్లేర్ కవిత్వం ఎక్కువగా ఆ మూసుకుపోయిన నేల లెక్కే. ‘స్వోర్డీ వెల్’ అనే పాత రాతి గనికి తానే మాట్లాడుతున్నట్టు ఆయన నోరిచ్చాడు. తనను రోడ్ల రాయి కోసం తవ్వుకుపోతున్నారని ఆ భూమే మొర పెట్టుకుంటుంది. ఆ స్థలం ఇప్పుడు ప్రకృతి సంరక్షణ క్షేత్రం. 1832లో ఆయన మూడు మైళ్ల దూరంలోని నార్త్‌బరోకు ఇల్లు మారి, పరాయి దేశం చేరినట్టు పద్యం రాశాడు. మూడు మైళ్లే. అంతగా ఒక్క ఊరి పక్షులూ గట్లూ ఎరిగిన కవి ఇంగ్లిష్‌లో మరొకరు లేరని మా నమ్మకం.

పుస్తకం కొనేముందు సంపాదకుడి ముందుమాట చూడండి. క్లేర్ విరామచిహ్నాలు పెట్టలేదు, ఊరి మాటలు ఊరి పలుకుబడిలోనే రాశాడు. ఆయన ప్రచురణకర్తలు వాటిని దిద్దారు. దిద్దిన ప్రతి తేలిగ్గా ఉంటుంది, దిద్దని ప్రతిలో ఊరు వినిపిస్తుంది. దిద్దనిది కొని, చివర పదాల పట్టిక ఉందో లేదో చూసుకోండి. మొదట పక్షిగూళ్ల పద్యాలు చదవండి, తరువాత స్వోర్డీ వెల్.