మైకు పట్టుకునేవాడు దొరకడు

శ్రీకాకుళంలోనే ఉండి ఇండిపెండెంట్ సినిమాలకి కెమెరా, ఎడిటింగ్, సౌండ్ అన్నీ చేస్తూ బతకొచ్చా అని అడిగారు. పదకొండేళ్లుగా నేను చేస్తున్నది అదే. బతకొచ్చు, కాకపోతే అన్నం పెట్టేది పెళ్లి వీడియోలే, డాక్యుమెంటరీ వాళ్లు పెట్రోలు ఖర్చు ఇస్తే గొప్ప. ముందు సౌండ్ నేర్చుకోండి. ఏడురోడ్ల కూడలిలో నిలబడి పిలిస్తే కెమెరా వాళ్లు పదిమంది వస్తారు, మైకు పట్టుకునేవాడు ఒక్కడూ రాడు.

పొందూరు ఖద్దరు మీద ఒక ఫ్రెండు డాక్యుమెంటరీ తీస్తుంటే వెళ్లాను. ఆ రోజు సౌండు, రెండో కెమెరా, కారు డ్రైవింగు, టిఫిన్లు తేవడం, అన్నీ నేనే. అక్కడ పత్తిని వాలుగ చేప దవడతో దువ్వుతారు. దాని సన్నటి పళ్లకి చెత్త చిక్కుకుని పీచు సాఫీగా వస్తుంది. ఆ చప్పుడు ఎంత చిన్నదంటే, పైన ఫ్యాను తిరుగుతుంటే అసలు వినపడదు. ఫ్యాను ఆపితే పక్కనే పిండి మర, దాని వెనక ఎవరింట్లోనో టీవీ సీరియలు. మర ఆయన్ని బతిమాలితే "బేరాలున్నాయి బాబూ" అన్నాడు. పైగా నేను బూమ్, అంటే పొడవాటి కర్ర చివర బొచ్చు తొడుగేసిన మైకు, పట్టుకుని నించుంటే పత్తి దువ్వుతున్న మామ్మ, "ఏటి బాబూ, ఆ బొచ్చుకుక్కని నా నెత్తిమీద పట్టుకున్నావు?" అంది. ఒక టేకు నవ్వుకే పోయింది.

అంతలో కరెంటు పోయింది. డైరెక్టరు తల పట్టుకున్నాడు, లైట్లు పోయాయని. నేను మాత్రం రోల్ చెయ్యమని అరిచాను. ఫ్యాను లేదు, మర లేదు, టీవీ లేదు, కిటికీలోంచి వెలుగు దూది మీద పడుతోంది, రికార్డరు ఎలాగూ బ్యాటరీదే. ఇయర్‌ఫోన్లలో సర్... సర్... అని పళ్ల మధ్య పీచు జారడం వినిపించింది. ఏడు నిమిషాలు. కరెంటు రాగానే ముందు వచ్చింది సీరియలు మ్యూజిక్కే.

సినిమా చూసినవాళ్లంతా ఫొటోగ్రఫీ బాగుందన్నారు. నా పేరు చివర్లో "సహకారం" కింద, అదీ అక్షరం తప్పుతో. అన్ని పనులూ చేస్తే ఇదే తంటా, ఏ పేరుతో పిలవాలో ఎవరికీ తెలియదు, డబ్బులు మాత్రం ఒక్క పనికే ఇస్తారు. పెళ్లిళ్లలో చుట్టాలు "సినిమాల్లో ఉన్నావంట, తెర మీద కనపడవేటి?" అని వేరే పీకుతారు.

అయినా అన్నీ తెలియడం వల్ల ఎడిటింగ్‌లో ఏడవక్కర్లేదు. మన కరెంటు 50 హెర్ట్జ్, అంటే సెకనుకి 50 సార్లు ఊగుతుంది, ట్యూబ్‌లైట్ కింద కెమెరా షట్టర్ సెకనులో 60వ వంతుకి పెడితే గోడ మీద చారలు పాకుతాయి. 50వ వంతుకి పెట్టమని షూటింగులోనే చెప్పే మనిషి ఒకడుండాలి కదా.

ఆ సర్ సర్ చప్పుడుని తర్వాత ఒక షార్ట్ ఫిలింలో ఎలుక బియ్యం సంచి కొరికే సీనుకి వాడాను. ఇప్పటిదాకా ఎవరూ కనిపెట్టలేదు.