ఇంటి అప్పు: కట్టేదెంత, తీరేదెంత?

ఇంటి అప్పు గురించి వచ్చిన ఉత్తరాల్లో కొన్నిటికి ఈసారి జవాబులిస్తున్నాం. లెక్కలు పోల్చుకోవడానికి వీలుగా దాదాపు అన్నిచోట్లా ఒకే ఉదాహరణ వాడాం: అసలు 50 లక్షలు, ఏడాదికి 8.5 శాతం వడ్డీ, 20 ఏళ్ళ గడువు, నెలకు 43,391 వాయిదా. మీ అప్పు 25 లక్షలైతే ఈ అంకెల్లో సగం, కోటి అయితే రెట్టింపు వేసుకోండి. రేటూ గడువూ అవే అయినంతవరకు నిష్పత్తి మారదు.

ప్రశ్న: ఐదేళ్ళుగా ఒక్క వాయిదా కూడా తప్పలేదు. మొత్తం 26 లక్షలు కట్టాం. మొన్న స్టేట్‌మెంట్ తెప్పించుకుంటే 50 లక్షల అప్పులో ఇంకా 44 లక్షలు బాకీ చూపిస్తోంది. లెక్కలో తప్పు జరిగిందా?

తప్పు జరగలేదు. మీరు కట్టిన 26.03 లక్షల్లో 20.10 లక్షలు వడ్డీకే పోయాయి. అసలులో జమ అయింది 5.94 లక్షలు మాత్రమే.

మొదటి నెల తీసుకోండి. 50 లక్షల మీద ఏడాది వడ్డీ 4.25 లక్షలు, అందులో పన్నెండో వంతు 35,417. మీ వాయిదా 43,391లో ముందు ఈ వడ్డీని మినహాయించుకుని, మిగిలిన 7,974ని అసలుకు జమ కడతారు. రెండో నెల బాకీ 49,92,026. దాని మీద వడ్డీ 35,360, అసలుకు చేరేది 8,031. అంటే నెల తిరిగేసరికి పెరిగింది 57 మాత్రమే. మొదట్లో ఇలా నత్తనడకన సాగుతుంది కాబట్టే, వాయిదాలో అసలు వాటా వడ్డీ వాటాను దాటడానికి 143వ వాయిదా దాకా, అంటే పన్నెండో ఏడాది చివరిదాకా ఆగాలి. పదేళ్ళు పూర్తయ్యేసరికి 35 లక్షలు మిగిలే ఉంటాయి. అప్పు సగానికి దిగేది 13 ఏళ్ళ 10 నెలలకు. మొత్తం 20 ఏళ్ళలో కట్టేది 1 కోటి 4.14 లక్షలు, అందులో వడ్డీ 54.14 లక్షలు.

అయినా స్టేట్‌మెంట్‌ను ఒకసారి సరిచూసుకోవడం మంచిదే. నెల మొదట్లో ఉన్న బాకీని రేటుతో గుణించి 12తో భాగిస్తే ఆ నెల వడ్డీ రావాలి. రోజుల లెక్కన వేసేచోట 30, 31 రోజుల నెలలకు కాస్త తేడా ఉంటుంది, దానికి కంగారు పడనక్కర్లేదు. ఏడాది పొడవునా వడ్డీ అంకె ఒక్క పైసా కదలకుండా ఒకేలా ఉంటే మాత్రం అడగాలి. మీరు నెలనెలా కట్టింది ఏడాది చివర ఒక్కసారే బాకీలోంచి తగ్గిస్తున్నారని అర్థం. ఈ పద్ధతిలో అదే అప్పుకు వాయిదా 44,030 అవుతుంది. చూడ్డానికి నెలకు 639 తేడా, గడువు మొత్తానికి 1.53 లక్షలు.

ప్రశ్న: నెలసరి భారం తగ్గుతుందని 20 ఏళ్ళ బదులు 30 ఏళ్ళ గడువు తీసుకోమంటున్నారు. ఎంతవరకు మేలు?

నెలకు 4,945 తగ్గుతుంది, వడ్డీ 34 లక్షలు పెరుగుతుంది. అదే 50 లక్షలకు, అదే రేటుకు నాలుగు గడువులు చూడండి. 15 ఏళ్ళయితే వాయిదా 49,237, మొత్తం వడ్డీ 38.63 లక్షలు. 20 ఏళ్ళకు 43,391, వడ్డీ 54.14 లక్షలు. 25 ఏళ్ళకు 40,261, వడ్డీ 70.78 లక్షలు. 30 ఏళ్ళకు 38,446, వడ్డీ 88.40 లక్షలు.

గడువు పెంచేకొద్దీ వడ్డీ ఐదేళ్ళకోసారి 15 నుంచి 18 లక్షలు ఎగబాకుతుంటే, వాయిదా తగ్గుదల 5,846 నుంచి 3,130కి, ఆపైన 1,815కి కుంచించుకుపోతోంది. కారణం పైన చెప్పిన 35,417. మొదటి నెల వడ్డీ అంత ఉన్నప్పుడు, గడువు వందేళ్ళు పెట్టినా వాయిదా అంతకంటే కిందికి దిగదు. 30 ఏళ్ళ వాయిదా దాదాపు ఆ అడుగుకు చేరిపోయింది. మొదటి నెల అందులో అసలుకు పోయేది 3,029 మాత్రమే.

ఆదాయం నిలకడగా లేనివాళ్ళకు ఎక్కువ గడువు తీసుకుని, వీలున్న నెలల్లో ఎక్కువ కట్టే దారి ఒకటుంది. అయితే అదనపు చెల్లింపుకు జరిమానా ఉండదని ఒప్పందంలో రాసి ఉండాలి, ఆ అదనం ఖాతాలోంచి తనంతట తాను పోయే ఏర్పాటూ ఉండాలి. చేతికి మిగిలినప్పుడు కడదాంలే అనుకుంటే మిగలదు.

ప్రశ్న: అప్పు తీసుకున్న రెండేళ్ళకు ఫ్లోటింగ్ (గడువు మధ్యలో మారుతూ ఉండే) రేటు 8.5 నుంచి 9.5కి పెరిగింది. వాయిదా మాత్రం మారలేదు. అంటే మాకు నష్టం లేనట్టేనా?

ఈసారి వచ్చిన ఉత్తరాలన్నిటిలోకీ మమ్మల్ని ఎక్కువ కలవరపెట్టింది ఇదే. వాయిదా మారలేదంటే గడువు మారిందన్నమాట. చాలాచోట్ల రేటు పెరిగినప్పుడు వాయిదాను అలాగే ఉంచి నెలలు పెంచేస్తారు. చూసుకోకపోతే ఆ సంగతి మన కంట పడకపోవచ్చు, స్టేట్‌మెంట్‌లో 'మిగిలిన వాయిదాలు' అన్న గడిలో అంకె మారి ఉంటుంది, అంతే.

మీ ఉదాహరణే తీసుకుందాం. రెండేళ్ళకు బాకీ 47.92 లక్షలు, మిగిలిన నెలలు 216. రేటు 9.5 అయ్యాక అదే 43,391 కడుతూ పోతే అప్పు తీరడానికి 263 నెలలు పడుతుంది. 47 నెలలు, అంటే దాదాపు నాలుగేళ్ళు అదనం. డబ్బులో చెప్పాలంటే సుమారు 20.4 లక్షలు. అదే మీరు వెళ్ళి 'గడువు కదిలించొద్దు, వాయిదా పెంచండి' అని రాసిస్తే కొత్త వాయిదా 46,384. నెలకు 2,993 ఎక్కువ, 216 నెలలకు అదనపు భారం 6.46 లక్షలు. రేటు పెరిగింది రెండు దారుల్లోనూ ఒక్క శాతమే. ఖర్చులో తేడా మాత్రం సుమారు 14 లక్షలు.

రేటు ఇంకా పెరిగి 11 శాతానికి చేరిందనుకోండి. అప్పుడు 47.92 లక్షల మీద నెల వడ్డీ 43,928. మీ వాయిదా కంటే అది ఎక్కువ. అలా చాలని మొత్తాన్ని బాకీకే కలిపేస్తే, నెలనెలా కడుతూ ఉండగానే అప్పు పెరుగుతూ పోతుంది. రేటు మారిన ప్రతిసారీ ఈ మూడు అడిగి రాతపూర్వకంగా తీసుకోండి: కొత్త రేటు, కొత్త వాయిదా, మిగిలిన నెలలు.

ప్రశ్న: ఒకచోట 8.5, మరోచోట 8.6 అంటున్నారు. తక్కువ రేటు చెప్పినచోట ఫీజులు, బీమా కలిపి లక్షన్నర దాకా అవుతుంది, దాన్ని అప్పులోనే కలిపేస్తామంటున్నారు. ఏది చవక?

అప్పులో కలిపిన లక్షన్నర మీద కూడా 20 ఏళ్ళు వడ్డీ పడుతుంది. నెలకు 1,302 చొప్పున అది చివరికి 3.12 లక్షలవుతుంది. చేతినుంచి కట్టగలిగితే కట్టేయండి.

పోల్చాల్సింది ఖర్చులన్నీ కలిపిన రేటు. 50 లక్షల అప్పుకు లక్ష ఫీజు కడితే మీ చేతికి నికరంగా వచ్చింది 49 లక్షలు, వాయిదా మాత్రం 50 లక్షలదే. ఆ లెక్కన 20 ఏళ్ళూ ఉంచితే నిజంగా పడే రేటు 8.5 కాదు, 8.78. మూడేళ్ళకే ఇల్లు అమ్మి అప్పు తీర్చేస్తే అదే ఫీజు మూడేళ్ళ మీదే పడి రేటు దాదాపు 9.3 అవుతుంది. కాబట్టి త్వరగా తీర్చే ఉద్దేశం ఉన్నవాళ్ళు ఫీజు తక్కువున్న చోటు, చాలాకాలం ఉంచేవాళ్ళు ఖర్చులన్నీ కలిపిన రేటు తక్కువున్న చోటు చూసుకోవాలి. బీమా తప్పనిసరో కాదో, బయట కొనుక్కోవచ్చో లేదో, అప్పు ముందే తీరితే ప్రీమియంలో ఏమైనా వెనక్కి వస్తుందో లేదో సంతకానికి ముందే అడగండి.

ఎవరైనా 'ఫ్లాట్ 5 శాతం' అంటే అది పూర్తిగా వేరే లెక్క. అక్కడ వడ్డీ తగ్గుతున్న బాకీ మీద కాకుండా 20 ఏళ్ళూ మొదటి అసలు మీదే వేస్తారు. మన పద్ధతిలో చూస్తే అది 7.95 శాతంతో సమానం.

ప్రశ్న: 2 లక్షలు చేతిలో ఉన్నాయి. అప్పు తీసుకుని ఏడాదైంది. ఇప్పుడే కట్టాలా, తర్వాత కట్టాలా? కట్టాక వాయిదా తగ్గించుకోవాలా, గడువా?

మొదటి ఏడాది చివర 2 లక్షలు అసలుకు కట్టి, వాయిదా అలాగే ఉంచి గడువు తగ్గించుకుంటే 21 నెలలు ముందే అప్పు తీరుతుంది. వడ్డీలో సుమారు 7.3 లక్షలు మిగులుతాయి. అదే 2 లక్షలు పదో ఏడాది చివర కడితే మిగిలేది 2.5 లక్షలు.

ఇక వాయిదా సంగతి. ఇప్పుడే కట్టి, గడువు మార్చకుండా వాయిదా తగ్గించుకుంటే నెలకు 1,771 తగ్గుతుంది, మొత్తం మీద మిగిలేది 2.04 లక్షలు. నెల ఖర్చు గడవడం కష్టంగా లేకపోతే గడువే తగ్గించండి. డబ్బు కట్టేటప్పుడు 'అసలుకు జమ, గడువు తగ్గింపు' అని రాసివ్వండి. లేదంటే ఆ డబ్బును రాబోయే నెలల వాయిదాల కింద ముందుగా జమ కట్టే ప్రమాదం ఉంది. అలా చేస్తే వడ్డీ మీరనుకున్నంత తగ్గదు. కొత్త వాయిదాల పట్టిక చేతికి వచ్చేదాకా వదలొద్దు.

ఏటా ఒక వాయిదా అదనంగా కట్టగలిగినా 20 ఏళ్ళ అప్పు మూడేళ్ళకు పైగా ముందే తీరుతుంది.

అయితే చేతిలో ఉన్నదంతా ఊడ్చి కట్టడం మంచిది కాదు. ఆరు నెలల వాయిదాలకూ ఇంటి ఖర్చుకూ సరిపడా డబ్బు విడిగా ఉండాలి, ఎందుకంటే కట్టేసిన డబ్బు అవసరానికి తిరిగి రాదు. క్రెడిట్ కార్డు బాకీలాంటి ఎక్కువ వడ్డీ అప్పులుంటే ముందు అవి తీర్చండి. ఇంకో మాట కూడా న్యాయంగా చెప్పాలి. 54 లక్షల వడ్డీని నేటి విలువలో 54 లక్షలుగా చూడకూడదు. ధరలు ఏటా 5 శాతం పెరుగుతాయనుకుంటే, 20 ఏళ్ళ తర్వాత కట్టే 43,391 నేటి 16,350తో సమానం. వాయిదా స్థిరంగా ఉండి జీతం పెరుగుతుంటే చివరి ఏళ్ళు తేలికవుతాయి. పన్ను పోగా 8.5 శాతం కంటే ఎక్కువ రాబడి ఖాయంగా వచ్చే చోటు మీకు ఉంటే తప్ప, ముందుగా కట్టడమే లాభం.

ప్రశ్న: ఇంకా 15 లక్షలు, ఐదేళ్ళు మిగిలాయి. 9 శాతం కడుతున్నాం. వేరేచోట 8.5కి ఇస్తామంటున్నారు, వాయిదా సగానికి సగం తగ్గుతుందట. మారమంటారా?

రేటు అరశాతం తగ్గితే వాయిదా సగం కాదు. ఐదేళ్ళ గడువే ఉంచితే 31,138 నుంచి 30,775కి వస్తుంది, ఐదేళ్ళకు కలిపి మిగిలేది 21,800 దాకా. కొత్త అప్పుకు ఒక్క శాతం ఫీజు తీసుకున్నా 15,000 అందులోనే పోతుంది, పత్రాల పరిశీలన ఖర్చులు వేరే. సగానికి తగ్గుతుందంటున్నారంటే గడువును మళ్ళీ 15 ఏళ్ళకు సాగదీస్తున్నారన్నమాట. అప్పుడు వాయిదా 14,771 అవుతుంది నిజమే, కానీ మిగిలిన వడ్డీ 3.68 లక్షల నుంచి 11.59 లక్షలకు పెరుగుతుంది. మీరు మారకండి. ముందు ఇప్పుడున్నచోటే రేటు తగ్గించమని అర్జీ పెట్టి చూడండి.

ప్రశ్న: వచ్చే నెలతో మా అప్పు తీరిపోతుంది. ఇంకేమైనా చేయాలా?

చివరి వాయిదా కట్టినంత మాత్రాన తనఖా దానంతటదే తొలగిపోదు. ముందుగా మిగిలిన బాకీ ఎంతో కచ్చితమైన అంకె రాయించుకోండి, చిల్లర బాకీ మిగిలితే ఖాతా మూయరు. కట్టాక బాకీ లేదన్న ధ్రువపత్రం తీసుకోండి. అప్పు తీసుకునేటప్పుడు ఇచ్చిన అసలు పత్రాల జాబితా తీసి, వెనక్కి వచ్చిన వాటిని ఒక్కొక్కటీ, పేజీల సంఖ్యతో సహా సరిచూసుకున్నాకే రసీదు మీద సంతకం చేయండి. భూమి రికార్డుల్లో నమోదైన తనఖాను కొట్టేయించి, కొట్టేసినట్టు కనిపించే కొత్త నకలు తెచ్చుకోండి. బ్యాంకు ఖాతాలోంచి వాయిదా దానంతటదే పోయే ఏర్పాటును రద్దు చేయించండి, వాడని చెక్కులు ఇచ్చి ఉంటే వాపసు అడగండి. రెండు నెలల తర్వాత మీ క్రెడిట్ రిపోర్టు (మీ అప్పుల చరిత్ర చూపే పత్రం) తెప్పించి, ఆ అప్పు 'మూసివేయబడింది' అని ఉందో లేదో చూసుకోండి. ఇంకా నడుస్తున్నట్టే చూపిస్తే ధ్రువపత్రం నకలు జతచేసి సరిదిద్దమని రాయాలి.