కథా సందేహాలు: ఢీకొన్నవాళ్లు మళ్లీ ఎందుకు కలవాలి?

ప్రశ్న: రెండు పేజీల సరదా ప్రేమకథ రాశాను. ముక్కూమొహం తెలియని అబ్బాయి, అమ్మాయి కాజీపేట స్టేషన్‌లో ఢీకొంటారు. తర్వాత భద్రకాళి చెరువు కట్టమీద, ఆ తర్వాత వేయిస్తంభాల గుడిలో ఎదురవుతారు. చదివినవాళ్లు నమ్మబుద్ధి కావట్లేదంటున్నారు. లోపం ఎక్కడ?
– ఒక పాఠకురాలు, హన్మకొండ

జవాబు: మూడు కలయికలూ కాకతాళీయమే కావడంతో వచ్చింది చిక్కు. మొదటిసారి పాఠకులు కారణం అడగరు, రెండోసారి నుంచి అడుగుతారు. ఢీకొన్నవాళ్లు సారీ చెప్పుకుని ఎవరి దారిన వాళ్లు పోతారు. ఒకరి వస్తువు ఇంకొకరి దగ్గర ఉండిపోతే మాత్రం వెతుక్కోక తప్పదు.

మన దగ్గర దీనికి మేడారం జాతరను మించిన సందర్భం లేదు. హన్మకొండలో బెల్లం దుకాణం, నిలువెత్తు బంగారం మొక్కు, అంటే మనిషి బరువుకు సరితూగే బెల్లాన్ని సమ్మక్క తల్లికి సమర్పించడం (అక్కడ బెల్లాన్నే బంగారమంటారు). తూకంలో అబ్బాయి 74 కిలోలు, అమ్మాయి 51. ట్రాలీ ఆటోల్లోకి ఎక్కించేటప్పుడు బస్తాలు తారుమారయ్యాయి. ఫోన్ నంబర్లు దుకాణం చీటీల్లో ఉంటాయి. ‘తక్కువపడ్డ 23 కిలోలు కొనుక్కుంటే సరిపోదా?’ అని ఎవరికైనా తోస్తుంది. ఆ అనుమానం వెంటనే తీర్చెయ్యండి: “పిలగాడు కూసొని తూగిన బంగారమే తల్లికి ముట్టాలె” అని నానమ్మ పట్టుబట్టాలి. గడువు కూడా జాతరే ఇస్తుంది. గురువారం సమ్మక్క గద్దెకు, అంటే మొక్కులు అందుకునే వేదికకు చేరుతుంది, ఆలోపు బస్తాలు మారాలి.

ఇక నవ్వు పిలుపుల్లో ఉంది. దుకాణంలో ఆ అమ్మాయి “అన్నా, జర జరుగు” అంటుంది. మనవైపు తెలియని కుర్రాణ్ణి అలాగే కదా పిలుస్తాం. ఫోన్‌లోనూ అన్నే. చివరికి మేడారం జనంలో అతను ముందు వెళ్లిపోతుంటాడు, వెనక నుంచి కేకెయ్యాలి. ‘అన్నా’ నోటిదాకా వచ్చి ఆగిపోతుంది. “ఓ... బెల్లం!” అని అరుస్తుంది. బెల్లం అమ్మేవాళ్లు నలుగురు తిరిగి చూస్తారు. అతను నచ్చాడని ఇంక వేరే వాక్యం రాయొద్దు, రాస్తే ఆ కేక చచ్చిపోతుంది.

కొలతలంటారా, 800 మాటల కథలో తారుమారు 150 మాటల్లోపు అయిపోవాలి, వెతుకులాటకు 400 ఇవ్వండి. కథనం మామూలు భాషలో ఉన్నా సంభాషణలు మాత్రం మన యాసలోనే ఉండాలి.

ముగింపులో ఇంకో యాదృచ్ఛికం తేవద్దు. జాతర ముగిసింది, బస్తాల పని తీరింది. ఇప్పుడు ఇద్దరిలో ఒకరు కావాలని ఫోన్ చెయ్యాలి. గోనెసంచి తిరిగిస్తాననో, చీటీలో పది రూపాయలు తేడా వచ్చిందనో, సాకు ఎంత పసలేనిదైతే అంత బాగుంటుంది.