కైపర్ కథ రాసిన తమ్ముడికి

తమ్ముడూ,

1901 నుంచి 1905 దాకా నెదర్లాండ్స్ ప్రధానిగా ఉన్న అబ్రహాం కైపర్ మీద నువ్వు రాసిన కథ చదివాను. ఆమ్‌స్టర్‌డామ్ రేవు కూలీల రాత్రి అందులో బాగా వచ్చింది. కానీ మొదటి పేజీలోనే "1901లో కైపర్ పార్టీ గెలిచింది" అన్నావు. నాకు ఒళ్లు మండింది అక్కడే. వంద స్థానాల దిగువ సభలో కైపర్ పార్టీకి, అంటే కాల్వినిస్టు ప్రొటెస్టంటుల పార్టీకి, నాలుగో వంతు కూడా రాలేదు. కేథలిక్కులకూ దాదాపు అంతే. మిగతావాళ్లు, 1894లో ఓటుహక్కు దగ్గర కైపర్‌తో తగవుపడి ఆ పార్టీ నుంచి విడిపోయిన లోమన్ అనే నాయకుడి వర్గం, ఇంకొందరు. అందరూ కలిస్తే 58. గెలిచింది కూడిక.

సంకీర్ణం మీద కథ రాసేవాడు ముందు లెక్క రాసుకోవాలి. ఎవరికి ఎన్ని, ఎవరు జారిపోతే కుర్చీ పడుతుంది. అంకెలుంటే పాఠకుడు పారిపోతాడని సంపాదకులు ఏళ్ల తరబడి ఊదరగొడుతున్నారు. నమ్మకు. ఆ అంకెల్లోనే మనుషులున్నారు.

ఎలాగంటావా? నియోజకవర్గానికి ఒక్కడే సభ్యుడు. తొలి విడతలో ఎవరికీ సగం దాటకపోతే, పైనున్న ఇద్దరికీ మళ్లీ పోటీ. తరతరాలుగా పోపును తిట్టుకున్న ఇంటి ప్రొటెస్టంటు రైతు ఆ రెండో విడతలో కేథలిక్కు అభ్యర్థికి ఓటెయ్యాలి. మత బడులకు సర్కారు సొమ్ము కావాలన్న కోరిక ఇద్దరిదీ కాబట్టి వేస్తాడు. వేసేముందు ఆ ఇంట్లో ఏం జరిగింది? నీ కథ అక్కడుంది. నువ్వేమో ఆ రోజుల్ని ఒక్క వాక్యంలో దాటేశావు.

1903 రైల్వే సమ్మె తర్వాత వచ్చిన చట్టాలను కైపర్ ఒక్కడి మొండితనంగా చూపించావు. రైల్వే వాళ్ల సమ్మెను నేరం చేసిన ఆ చట్టాలకు ప్రతిపక్షంలోని ఉదారవాదులు చాలామంది ఓటేశారు. ఆ ఓట్లు లేకుండా ఆ సన్నివేశం అబద్ధం.

1904లో "పార్లమెంటు రద్దయింది" అన్నావు. రద్దయింది ఎగువ సభ మాత్రమే. 1880లో కైపరే స్థాపించిన ఫ్రీ యూనివర్సిటీ లాంటి చోట్ల ఇచ్చే పట్టాలకు గుర్తింపునిచ్చే బిల్లును ఆ సభ కొట్టేసింది. దాన్ని ఎన్నుకునేవి ప్రావిన్సుల సభలు. అక్కడ బలం అప్పటికే తన కూటమిదని కైపర్‌కు తెలుసు. కొత్త సభ వచ్చింది, 1905లో బిల్లు నెగ్గింది. అదే ఏడు ఎన్నికల్లో లెక్క తిరగబడింది: కైపర్ కూటమికి 48, ప్రతిపక్షానికి 52.

ముందు రెండో విడత సన్నివేశం రాసి పంపు. ఇంకొకటి, నాలుగో పేజీలో లోమన్‌ను మంత్రిని చేశావు. అతను ఆ మంత్రివర్గంలో చేరనే లేదు. తీసెయ్.