ఇంటిపేరు ముందా, వెనకా?

సందేహం: మా కాలేజీకి సొంత ఎఫ్.ఎం. స్టేషన్ ఉంది. సాయంత్రం కార్యక్రమానికి నేనూ నా స్నేహితురాలూ వ్యాఖ్యాతలం. వచ్చే అతిథులు తమ పేరు 'సుబ్బారావు ఓరుగంటి' అన్నట్టుగా రాసి పంపుతారు, మేం అలాగే చదువుతాం. మొన్న ఒక పెద్దాయన ఫోన్ చేసి "ఇంటిపేరు తోకలా వెనక వేలాడదీస్తారేమిటమ్మా!" అని కోప్పడ్డారు. మా మేడమ్ మాత్రం ఎవరి పేరు వాళ్ళిష్టం అన్నారు. ఇందులో తప్పొప్పులు ఉంటాయా? 'ఓరుగంటి గారు' అనొచ్చా? ఇంకొకటి. మా ఇంటిపేరు రావిపాటి. దాని అర్థం ఇంట్లో ఎవరికీ తెలియదు. అదీ చెప్పండి.
– ఒక విద్యార్థిని, గుంటూరు

సమాధానం: నా ఓటు పెద్దాయనకే. అయితే సంప్రదాయం పేరు చెప్పి ఆయన్ని గెలిపించనక్కర్లేదు. ఇంటిపేరు ముందు ఎందుకుంటుందో ఆ పేరే చెబుతుంది. మీ ఆఖరి ప్రశ్నలోనే మొదటిదాని జవాబు ఉంది కాబట్టి అక్కడి నుంచే మొదలుపెడతాను.

రావిపాటి అంటే రావిపాడుకు చెందిన అని. ఊళ్ళ పేర్లలో వచ్చే 'పాడు'కు చెడిపోయింది అనే అర్థం లేదు, కంగారు పడకండి. అక్కడ పాడు అంటే ఊరు, జనం ఉండే చోటు. రావిచెట్టు ఉన్న ఊరు రావిపాడు. మరి 'డు' పోయి 'టి' ఎందుకొచ్చింది? గూడులో ఉండే పిట్టను గూడు పిట్ట అనం, గూటి పిట్ట అంటాం. నాడు, నాటి మాట. కాడు, కాటి కాపరి. ఒక నామం ఇంకో నామానికి ముందు నిలబడి 'దానికి చెందిన' అనే అర్థం ఇవ్వాల్సి వచ్చినప్పుడు తెలుగులో కొన్ని మాటల చివర ఇలా మారుతుంది. 1858లో అచ్చయిన బాలవ్యాకరణంలో చిన్నయసూరి ఈ ఇ, టి, తి అనే చివరలకు ఔపవిభక్తికాలు అని పేరు పెట్టాడు. పేరు నోరు తిరగనిదే కానీ పని మాత్రం మనం రోజూ చేసేదే. చెయ్యి, చేతి గాజులు. నెయ్యి, నేతి గిన్నె. ఊరు, ఊరి చెరువు.

మీ ఉత్తరంలో ఉదాహరణగా వచ్చిన ఓరుగంటి నాకు చాలా ఇష్టమైన ఇంటిపేరు. ఇల్లు ఇంటి అవుతుంది, విల్లు వింటి అవుతుంది. అదే దారిలో కల్లు (అంటే రాయి) కంటి అవుతుంది. కాబట్టి ఓరుగల్లుకు చెందినవాళ్ళు ఓరుగంటివాళ్ళు. వరంగల్ అనే పేరు పలకగానే కాకతీయులు గుర్తొస్తారు, ఓరుగంటి అనే పేరు వింటే ఎవరికీ ఓరుగల్లు గుర్తు రాదు, చిత్రం! నందిగామ దగ్గర కొడవటికల్లు అని ఒక ఊరుంది. కొడవటిగంటి అనే ఇంటిపేరును దాని పక్కన పెట్టి చూడండి, ఇంకేం చెప్పనక్కర్లేదు. ఆ మాటకొస్తే 'ఇంటిపేరు' అన్న మాటలోనే ఈ సూత్రం ఉంది. ఇల్లుపేరు అనలేదు కదా మనం.

ర్రు అని ముగిసే ఊళ్ళ దగ్గర ర్తి వస్తుంది. కృష్ణా, గుంటూరు జిల్లాల్లో గొడవర్రు అనే ఊళ్ళున్నాయి, గొడవర్తి అనే ఇంటిపేరు ఉంది. గుంటూరు జిల్లాలో పాలపర్రు ఉంది, పాలపర్తివారు ఉన్నారు. కొన్నిచోట్ల ఊరి పేరే ఈ మారిన రూపంలో స్థిరపడింది. పాలకుర్తి, పాములపర్తి అలాంటివనుకుంటాను. ఊరి పేరును మనం వట్టిగా పలికేది తక్కువ. ఊరికి, ఊరి నుంచి, ఊరి దగ్గర అని ఎప్పుడూ ఏదో ఒకటి తగిలిస్తూ ఉంటాం. పలికి పలికి ఆ రూపమే అసలు పేరైపోయి ఉంటుంది.

ఇక అన్నిటికంటే ఎక్కువగా కనిపించేది ఊరు, ఊరి. ఆతుకూరు నుంచి ఆతుకూరి మొల్ల. కందుకూరు నుంచి కందుకూరి వీరేశలింగం. మీ రేడియో పనికి పనికొచ్చే పేరు ఇంకొకటి ఉంది, కందుకూరి సూర్యనారాయణ. ఒకప్పుడు పొద్దున్నే ఢిల్లీ నుంచి వచ్చే తెలుగు వార్తలు వింటూ పెరిగినవాళ్ళకు ఆ గొంతు ఇంకా చెవిలో ఉంటుంది. "ఆకాశవాణి. వార్తలు చదువుతున్నది కందుకూరి సూర్యనారాయణ." మరో రోజు అద్దంకి మన్నార్, ఇంకో రోజు దుగ్గిరాల పూర్ణయ్య. ముగ్గురివీ ఊళ్ళ పేర్లే, ముగ్గురికీ ఇంటిపేరు ముందే. అద్దంకి, దుగ్గిరాల ఏమీ మారలేదేం అంటారా? ఇకారంతోనో అకారంతోనో ముగిసే ఇలాంటి పేర్లకు మార్పు పైకి కనబడదు. పులి చర్మంలో పులి మారిందా? అయినా అర్థం 'పులికి చెందిన' అనే కదా. అలాగే ఇవీ.

(ఇక్కడ ఒక చిన్న దారి మళ్ళింపు. మగవాళ్ళు చదువుతుంటే 'చదువుతున్నది' ఏమిటి, 'చదువుతున్నవాడు' అనాలి కదా అని నన్ను అడిగినవాళ్ళు ఉన్నారు. అక్కర్లేదు. "వచ్చింది ఎవరు?" అని అడిగితే "వచ్చింది మావయ్య" అంటాం. మనిషెవరో ఆఖర్న తేల్చే ఇలాంటి వాక్యంలో ఆడా మగా చూడకుండా 'ది' వస్తుంది. మీరు కూడా మైకు ముందు నిశ్చింతగా వాడుకోవచ్చు.)

'వరం', 'పురం' అని ముగిసే ఊళ్ళయితే 'పు' చేరి భీమవరపు, ధర్మవరపు లాంటివి వస్తాయి. అందరూ చేర్చుకోరు. నాటకకర్త ధర్మవరం రామకృష్ణమాచార్యులు, హాస్యనటుడు ధర్మవరపు సుబ్రహ్మణ్యం, రెండూ మనకు తెలిసినవే, రెండూ సరైనవే.

ఊరితో సంబంధం లేని ఇంటిపేర్లూ కొల్లలు. వాటిలోనూ చాలావాటిది ఇదే వ్యాకరణం. మేకలు, ఆవులు ఇంటిపేర్లయినప్పుడు మేకల, ఆవుల అయ్యాయి. నాయుడు అనే మాట పాతకాలపు రూపంలో నాయని అయ్యి, పలకడంలో కుదించుకుపోయి నేని అయింది. కొమ్మినేని లాంటి పేర్ల చివర ఉన్నది అదే. అక్కడ చెందింది ఊరికి కాదు, వంశంలో ఒక పెద్దకు.

ఇప్పుడు మీ అసలు ప్రశ్నకు వద్దాం. ఓరుగంటి అనేది 'ఓరుగల్లుకు చెందిన' అనే అర్థంలో ఉన్న మాట కాబట్టి దాని వెనక ఎవరో ఒకరు ఉండాలి. ఓరుగంటి ఎవరు? సుబ్బారావు. 'సుబ్బారావు ఓరుగంటి' అనడం 'తలుపు ఇంటి', 'పిట్ట గూటి' అనడం లాంటిదే. వాక్యం ఇంకా పూర్తికాలేదేమో అని చెవి ఎదురుచూస్తుంది. మీకు ఫోన్ చేసిన పెద్దాయన చెవికి తగిలింది ఇదే. ఆయన దాన్ని తోక అన్నారు, నేనైతే తెగిపోయిన తోక అంటాను.

'ఎప్పుడో వెనకటి సంగతి, ఇవాళ ఓరుగంటి అంటే ఊరు ఎవరికి గుర్తొస్తుంది, అదొక గుర్తు మాత్రమే కదా' అని మీరు వాదించవచ్చు. ఆ మాటలో నిజం లేకపోలేదు. కానీ ఊరితో మనిషిని గుర్తుపట్టే పద్ధతి వెనకటిది కాదు, ఇప్పటికీ మన కళ్ళముందు నడుస్తున్నదే. అదీ మీలాంటి ఒక చిన్న రేడియోలోనే. జహీరాబాద్ ప్రాంతంలోని మాచునూరులో 2008 అక్టోబరు 15న సంఘం రేడియో మొదలైంది. దళిత మహిళలే నడిపే స్టేషన్ అది, దేశమంతా పేరు తెచ్చుకుంది. దాన్ని నడిపినవాళ్ళలో ఇద్దరు నర్సమ్మలు. ఒకరిని జనరల్ నర్సమ్మ అంటారు, ఇంకొకరిని ఆల్గోల్ నర్సమ్మ అంటారు. ఆల్గోల్ అక్కడి ఊరే. ఒకే పేరున్నవాళ్ళు ఇద్దరు పక్కపక్కన కూర్చుంటే ఊరు పేరు తనంతట తానే ముందుకొచ్చి నిలబడింది. నర్సమ్మ ఆల్గోల్ అని ఎవరూ అనలేదు. ఇంటిపేర్లు పుట్టేటప్పుడు ఏం జరిగి ఉంటుందో చూడాలంటే శాసనాలు తిరగేయనక్కర్లేదు, జహీరాబాద్ వెళితే చాలు.

మరి వెనకకు ఎలా వెళ్ళింది? ఇంగ్లీషు ఫారాల వల్ల. కాలేజీ అప్లికేషన్, ఈమెయిల్ లాంటివి చాలావరకు 'ఫస్ట్ నేమ్, లాస్ట్ నేమ్' అనే అడుగుతాయి. మన ఇంటిపేరును లాస్ట్ నేమ్ గడిలో రాయడంతోనే తిరకాసు మొదలవుతుంది, ఎందుకంటే మనకది మొదటి పేరు. అమెరికాలో ఉన్న మనవాళ్ళు అక్కడి వరస ప్రకారం రాసుకుంటారు, రాసుకోక తప్పదు. దాన్ని నేను తప్పు పట్టను. ఇంగ్లీషులో మాట్లాడేటప్పుడు ఇంగ్లీషు వరస, తెలుగులో మాట్లాడేటప్పుడు తెలుగు వరస. మీరు తెలుగు కార్యక్రమం చేస్తున్నారు కాబట్టి కాగితం మీద 'సుబ్బారావు ఓరుగంటి' అని ఉన్నా 'ఓరుగంటి సుబ్బారావు' అని చదవండి. కార్యక్రమానికి ముందు అతిథిని ఒకసారి అడిగితే సరిపోతుంది. ఆయన తన పేరు అలాగే చదవమంటే అలాగే చదవండి. అక్కడ మీ మేడమ్ చెప్పిందే మాట. ఇంటిపేరు చెప్పడం ఇష్టం లేనివాళ్ళూ ఉంటారు. ఇంటిపేరు వినగానే కులం లెక్కలు వేసేవాళ్ళు మన చుట్టూ తక్కువేం లేరు. అలాంటప్పుడు 'సుబ్బారావుగారు' చాలు.

రెండో ప్రశ్న, 'ఓరుగంటి గారు'. ఇది నాకు మింగుడు పడదు. 'మిస్టర్' తర్వాత ఇంటిపేరు వచ్చే ఇంగ్లీషు పిలుపును మనం 'గారు'తో దించుకున్నాం. తెలుగులో 'గారు' మనిషి పేరు తర్వాతో వరస తర్వాతో వస్తుంది. సుబ్బారావుగారు, పంతులుగారు, అత్తయ్యగారు. ఇంటిపేరు తర్వాత వచ్చేది 'వారు'. గిడుగువారు, విశ్వనాథవారు, శ్రీపాదవారు. శుభలేఖల్లో 'రావిపాటివారి ఆహ్వానం' అని ఉంటుంది చూడండి. కారణం మళ్ళీ పాతదే. ఊరివారు అన్నట్టే రావిపాటివారు, ఓరుగంటివారు. నమ్మకం కుదరకపోతే సామెతను అడగండి. 'ఇంటిపేరు కస్తూరివారు, ఇల్లంతా గబ్బిలాల కంపు' అంటుంది తప్ప 'కస్తూరిగారు' అనదు. ఎంత వెక్కిరింపులోనైనా వ్యాకరణం తప్పలేదు!

మీరు అడగలేదు గానీ, రేడియోలో పొడి అక్షరాల గొడవ కూడా వస్తుంది. కట్టమంచి రామలింగారెడ్డిగారిని సి.ఆర్.రెడ్డి అంటాం. ఆయన ఇంటిపేరును ఇంగ్లీషులో 'సి'తో రాసేవారు కాబట్టి అలా వచ్చింది. రేడియోలో వినేవాడికి ఆ 'సి' నుంచి కట్టమంచి దాకా దారి లేదు. తెలుగు అక్షరాలతో కుదించినవి అలా కాదు. కొడవటిగంటి కుటుంబరావు కొ.కు., సింగిరెడ్డి నారాయణరెడ్డి సినారె, శ్రీరంగం శ్రీనివాసరావు శ్రీశ్రీ. మూడింటిలోనూ మొదటి అక్షరం ఇంటిపేరుదే, గమనించారా? ఎన్.టి.ఆర్., పి.వి. లాగా నలుగురి నోళ్ళలో నానినవి సరే, కొత్త అతిథి పేరులో పొడి అక్షరాలుంటే విప్పి చదవడమే మేలు.

ఇక మీ రావిపాడు ఎక్కడ? ఇంటిపేరు చివరి 'టి'ని 'డు' చేసి, 'రి'ని 'రు' చేసి, 'ర్తి'ని 'ర్రు' చేసి, 'గంటి'ని 'కల్లు' చేసి ఊళ్ళ జాబితాలో వెతకడం తేలికే. చిక్కల్లా ఒకే పేరుతో ఊళ్ళు చాలా ఉండటం. నరసరావుపేట దగ్గర ఒక రావిపాడు ఉంది, పశ్చిమగోదావరిలో పెంటపాడు వైపు మరొకటి ఉంది. రావిచెట్లకు మన దగ్గర కరువా! మీది వీటిలో ఏదో, మూడోదో వ్యాకరణం చెప్పలేదు. మీ తాతగారినో నాయనమ్మగారినో కూర్చోబెట్టి పాత పొలాలు ఎక్కడుండేవి, కులదేవత గుడి ఏ ఊళ్ళో ఉంది అని అడగండి. అడిగేటప్పుడు రికార్డర్ ఆన్ చేసి పెట్టుకుంటే మీ స్టేషన్‌కు ఒక కార్యక్రమం కూడా తయారవుతుంది.