యుకికాజేని వదిలెయ్, అరాషిని పట్టుకో

తమ్ముడూ,

నీ నవల మొదటి మూడు అధ్యాయాలు చదివాను. జవాబు ఆలస్యమైంది, ఏమనుకోకు. చదువుతూ కొన్ని సంగతులు సరిచూసుకోవాల్సి వచ్చింది, అక్కడే రోజులు గడిచిపోయాయి. తెలుగులో సముద్రం మీది యుద్ధం రాసేవాళ్ళే అరుదు. వేగంగా పోయే చిన్న యుద్ధనౌకలు, ఆ జపాన్ డిస్ట్రాయర్ల మీద నవల రాస్తానన్నవాడు నాకు తెలిసి నువ్వొక్కడివే. అందుకే మొహమాటం పక్కనపెట్టి రాస్తున్నాను.

ముందు ఓడ సంగతి. యుకికాజేని ఎంచుకున్నావు. ఎవరైనా దాన్నే ఎంచుకుంటారు. ఒకే నమూనా మీద కట్టిన కగేరో తరగతిలో 19 ఓడలు, అదే నమూనాకి మెరుగులు దిద్ది కట్టిన యుగుమో తరగతిలో ఇంకో 19, మొత్తం 38లో రెండో ప్రపంచ యుద్ధం చివరికి మిగిలింది అదొక్కటే. మిడ్‌వే, గ్వాడల్‌కెనాల్, లేతే పోరాటాలు, ఆఖరికి పెద్ద యుద్ధనౌక యమాతో వెంట చివరి ప్రయాణం, అన్నిటికీ వెళ్ళింది, అన్నిట్లోంచీ బయటపడింది. 1947లో అప్పటి చైనా ప్రభుత్వానికి అప్పగిస్తే తైవాన్‌లో వేరే పేరుతో 1960ల దాకా పనిచేసింది. వినడానికి బాగుంటుంది. నవలకి మాత్రం పనికిరాదు. అదృష్టం మీద ఒక పేజీ రాయొచ్చు, మూడొందల పేజీలు లాగలేం. పైగా దాదాపు 130 డిస్ట్రాయర్లు పోయిన యుద్ధాన్ని పోనిదాని మీద నిలబడి చూస్తే, మిగతావన్నీ దూరంగా లేచే పొగలాగే ఉండిపోతాయి. నీ మూడో అధ్యాయంలో జరిగింది అదే. పక్క ఓడ మునిగిపోతోంది, నీ కథానాయకుడు తన ఓడ పేరు తలుచుకుని దండం పెట్టుకుంటున్నాడు!

దాని బదులు అరాషిని తీసుకో. అదీ కగేరో తరగతే, అదే కొలతలు, అదే వేగం, ఇంచుమించు అంతే మంది సిబ్బంది. నాలుగో డిస్ట్రాయర్ డివిజన్‌లో నోవాకి, హగికాజే, మైకాజేలతో కలిసి తిరిగేది. 1942 జూన్ 4 ఉదయం మిడ్‌వే దగ్గర నాటిలస్ అనే అమెరికన్ జలాంతర్గామి జపాన్ నౌకాదళం మధ్యలోకి వచ్చింది. దాన్ని అణచిపెట్టే పని అరాషికి అప్పగించారు. నీళ్ళ లోతున పేలే డెప్త్ చార్జీలు వేస్తూ అక్కడక్కడే తిరిగింది. మిగతా దళం ముందుకు సాగిపోయింది. పని అయిందనుకున్నాక, వెనకబడినందుకు పూర్తి వేగంతో ఉత్తరంగా పరుగెత్తింది. అదే సమయానికి అమెరికన్ విమానవాహక నౌక ఎంటర్‌ప్రైజ్ నుంచి వచ్చిన డైవ్ బాంబర్లకు జపాన్ విమానవాహక నౌకలు ఎంత వెతికినా దొరకలేదు, ఇంధనం తరిగిపోతోంది. వాటి నాయకుడు మెక్‌క్లస్కీకి నీలం నీళ్ళ మీద ఒంటరి ఓడ, దాని వెనక పొడుగాటి తెల్లని నురుగు గీత కనిపించాయి. ఇంత హడావిడిగా పోతోందంటే పెద్ద ఓడల దగ్గరికే అనుకుని ఆ దిక్కుకి తిరిగాడు. ఆ తర్వాత ఆ విమానవాహక నౌకల్లో అకగి, కగాల మీద పడ్డ బాంబుల సంగతి నీకు తెలుసు.

ఇందులో అరాషి చేసిన తప్పేమీ లేదు. చెప్పిన పని చేసింది, తిరిగి తన చోటికి వెళ్ళింది. మర్నాడు తెల్లవారకముందే కాలిపోతున్న అకగిని టార్పెడోలతో ముంచమని ఈ నాలుగు ఓడల డివిజన్‌కే చెప్పారు. తాము కాపలా కాసిన ఓడని తామే ముంచారు. ఒక్క రోజులో ఇంత కథ నడిచిన ఓడ ఉండగా యుకికాజే ఎందుకు? ఇంకో సంగతి. డిస్ట్రాయర్ డివిజన్ కమాండర్‌కి వేరే ఓడ ఉండదు, నాలుగింటిలో ఏదో ఒకదాని మీదే ఎక్కుతాడు. అంటే ఓడని నడిపించే ఒకే బ్రిడ్జి మీద ఇద్దరు పెద్దలు, ఓడ కెప్టెన్ ఒకడు, అతని పైవాడొకడు. ఆ రోజు అరాషి మీద ఉన్న డివిజన్ కమాండర్ కోసాకు అరుగా. 1945 ఏప్రిల్ 7న యమాతోతో పాటు మునిగిన ఆఖరి కెప్టెన్ అతనే. నీ రెండో భాగానికి దారం అక్కడే ఉంది, నేను వేరే చెప్పక్కర్లేదు.

ఇక అసలు విషయం. ఓడ మునగడం రాయాలన్న ఆత్రం తగ్గించుకో. మునగకముందు అది ఏ పని చేస్తోందో రాయి. నీ అధ్యాయాల్లో డిస్ట్రాయర్లు ఎప్పుడూ పోరాడుతూనే ఉంటాయి. నిజంగా అవి చేసింది ఎక్కువగా మోత పని.

ఆ ఓడలను ఎందుకు కట్టారో ముందు మనసుకి ఎక్కించుకో. అమెరికా నౌకాదళం తమకంటే పెద్దదని జపాన్‌కి మొదటినుంచీ తెలుసు. ఆ దళం పసిఫిక్ దాటి వస్తుంటే, ఆఖరి పోరుకి ముందు ఒక రాత్రి చీకట్లో మీద పడి దాని బలం తగ్గించాలని పథకం. ఆ రాత్రి కోసం కట్టినవివి. రెండు వేల టన్నుల బరువు, 35 నాట్ల వేగం, ఎనిమిది టార్పెడో గొట్టాలు, మళ్ళీ నింపుకోవడానికి ఇంకో ఎనిమిది టార్పెడోలు. 61 సెంటీమీటర్ల మందం ఉన్న ఆ టార్పెడో మామూలు గాలికి బదులు ఆక్సిజన్‌తో నడిచేది. 490 కిలోల పేలుడు మందు మోస్తూ, వేగం తగ్గించి వదిలితే 40 కిలోమీటర్ల దాకా పోయేది, నీళ్ళ మీద జాడ దాదాపు కనపడనిచ్చేది కాదు. యుద్ధం మొదటి రోజుల్లో అమెరికన్లకు ఇలాంటి ఆయుధం ఒకటుందన్న ఊహే లేదు.

ఆ పథకంలోని రాత్రి రానేలేదు. వచ్చింది గ్వాడల్‌కెనాల్. పగలు ఆ దీవి మీది హెండర్సన్ ఫీల్డ్ విమానస్థావరం నుంచి అమెరికన్ విమానాలు లేస్తాయి, నెమ్మదిగా నడిచే సరుకు ఓడ ఆ దీవి దగ్గరికి పోతే తిరిగి రాదు. వేగంగా పోగలిగేవి డిస్ట్రాయర్లే కాబట్టి సైనికుల్ని, బియ్యాన్ని వాటి మీదే ఎక్కించారు. పందెపు గుర్రాన్ని తెచ్చి ధాన్యం బండికి కట్టినట్టు అయింది. ఒక్కో ఓడ మీద 150 మంది సైనికులు, నలభై టన్నుల చిల్లర సామాను. ట్యాంకులు, పెద్ద ఫిరంగులు ఎక్కవు. చీకటి పడ్డాక దీవుల మధ్య సందులోంచి పరుగు, అర్ధరాత్రి దింపుడు, తెల్లారేలోపు విమానాలకు అందనంత దూరం. 1942 ఆగస్టు 18 రాత్రి కర్నల్ ఇచికి దళాన్ని, తొమ్మిది వందల పైచిలుకు మందిని, గ్వాడల్‌కెనాల్‌లో దింపిన ఆరు ఓడల్లో అరాషి ఒకటి. మూడు రోజులు తిరక్కుండానే ఆ తొమ్మిది వందల్లో ఎక్కువమంది చచ్చిపోయారు. వాళ్ళకి దారిలో చోటు సర్దిపెట్టిన నావికుడు ఒకడుంటాడు కదా. నీ నవల అతనిది కావాలి.

డ్రమ్ముల సంగతి నువ్వు ఒక్క వాక్యంలో దాటేశావు. నాకైతే పుస్తకం మొత్తంలో దానికే ఎక్కువ చోటివ్వాలనిపించింది. నూనె డ్రమ్ముల్ని కడిగి, నీళ్ళ మీద తేలేలా సగం ఖాళీ ఉంచి తిండిగింజలు నింపి, తాళ్ళతో వరసగా కట్టి డెక్ మీద పేర్చేవారు. తీరం దగ్గర నీళ్ళలోకి తోసేస్తే ఒడ్డునున్న సైనికులు తాడు పట్టుకుని లాక్కోవాలి. ఆకలితో నిలబడలేనివాళ్ళు లాగాలి, అదీ తెల్లారి విమానాలొచ్చి తుపాకులతో డ్రమ్ములకు చిల్లులు పొడిచే లోపు. డిసెంబరు 3 రాత్రి 1,500 డ్రమ్ములు వదిలితే ఒడ్డుకి చేరినవి 310.

అంతకు మూడు రోజుల ముందు, నవంబరు 30 రాత్రి, రియర్ అడ్మిరల్ రైజో తనాకా ఎనిమిది డిస్ట్రాయర్లతో అదే పని మీద వెళ్ళాడు. డ్రమ్ములకి చోటు కావాలని అదనపు టార్పెడోల్ని ఒడ్డునే దించేశారు. గ్వాడల్‌కెనాల్ తీరంలోని తస్సాఫరొంగా దగ్గర, డిస్ట్రాయర్లకంటే పెద్దవైన అమెరికన్ క్రూజర్లు రాడార్‌తో వీళ్ళని ముందే చూసి కాల్చాయి. తనాకా ఓడలు గొట్టాల్లో ఉన్న టార్పెడోలు వదిలాయి. నార్తాంప్టన్ మునిగింది, ఇంకో మూడు క్రూజర్లు నెలల తరబడి రిపేరుకి పోయాయి, తనాకా పక్షాన పోయింది తకనామి ఒక్కటే. నౌకాదళ చరిత్రల్లో అది జపాన్ గెలుపు. ఒడ్డున ఎదురుచూస్తున్నవాళ్ళకి ఆ రాత్రి ఒక్క గింజ దిగలేదు. ఏ పని కోసం కట్టారో ఆ పని ఎంత బాగా చేసిందో, ఏ పని మీద పంపారో అది ఎంత చెడిందో, రెండూ ఒకే రాత్రిలో ఉన్నాయి. నువ్వు దీన్ని వదిలేసి కెప్టెన్ ఇంటికి ఉత్తరం రాసే సన్నివేశం పెట్టావు.

ఇంకో చిన్న వివరం ఉంది, వాడుకో. 1943 తర్వాత ఈ తరగతి ఓడల్లో వెనక భాగంలోని ఒక జంట ఫిరంగి గూటిని ఊడదీసి, ఆ చోట 25 మిల్లీమీటర్ల విమాన నిరోధక తుపాకులు బిగించారు. అసలు ఫిరంగులు విమానాల వేగానికి తిరగలేకపోయాయి. ఓడలు ఓడల్తో కొట్లాడే కాలం పోయిందని పైవాళ్ళు ప్రకటన ఏమీ చెయ్యలేదు, వర్క్‌షాపులో బోల్టులు విప్పారు.

మునగడం గురించి. నీ రెండో అధ్యాయంలో ఓడ మునగడానికి పదకొండు పేజీలు పట్టింది. మంటలు, వందనాలు, కెప్టెన్ ప్రసంగం. అరాషి ఎలా పోయిందో చూడు. 1943 ఆగస్టు 6 రాత్రి, సోలొమన్ దీవుల్లోని వెల్లా గల్ఫ్. అరాషి, హగికాజే, కవకాజే, షిగురే నాలుగూ కొలొంబంగర దీవికి సైనికుల్ని, సామాన్లని తీసుకెళ్తున్నాయి. అమెరికన్ డిస్ట్రాయర్లు ఆరు ఆ దీవి కొండల నీడలో దాక్కుని, రాడార్‌తో చూసి, ఫిరంగి పేల్చకుండా ముందు టార్పెడోలు వదిలాయి. కొద్ది నిమిషాల్లో షిగురే తప్ప మిగతా మూడు ఓడలూ దెబ్బతిని పోయాయి. దాదాపు 1,200 మంది పోయారు, వాళ్ళలో చాలామంది ఓడలో ప్రయాణికులుగా ఉన్న సైనికులు. అమెరికన్లకి ఒక్క ప్రాణనష్టం కూడా లేదు. డెక్ కింద ఉన్నవాడికి ఏం జరిగిందో తెలిసే వ్యవధే లేదు. దీనికి అరపేజీ చాలు. తర్వాత నీళ్ళలో గంటలు రాయి. రక్షించడానికి వచ్చిన అమెరికన్ ఓడల్ని చాలామంది వద్దన్నారు. మూడొందల మంది దాకా ఈదుకుంటూ వెల్లా లవెల్లా దీవికి చేరారు.

షిగురే ఎందుకు బతికిందంటావా? ఇంజన్లకి ఓవర్‌హాల్ ఆలస్యమై వరసలో వెనకబడింది. దానికీ ఒక టార్పెడో తగిలింది కానీ చుక్కానిలోంచి బెజ్జం చేసుకుని పేలకుండా పోయింది. ఆ బెజ్జం తర్వాత డాక్‌లో చూసుకున్నారు. నీకు అంతగా అదృష్టం కావాలంటే ఇది రాసుకో. అదీ 1945 జనవరిలో మలయా తీరం దగ్గర జలాంతర్గామి దెబ్బకి పోయింది.

కష్టమైన భాగం ఇప్పుడు చెప్తాను. నీ జపాన్ నావికులందరూ మంచివాళ్ళే. 1942 మార్చి 2న జావా సముద్రంలో డిస్ట్రాయర్ ఇకాజుచి కెప్టెన్ షున్సాకు కుడో, ముందురోజు మునిగిన శత్రు ఓడల నావికులు 442 మందిని నీళ్ళలోంచి తీయించాడు. అది రాశావు, బాగా రాశావు. నూనెలో తడిసినవాళ్ళని గుడ్డలతో తుడిచే వాక్యాలు నాకు నచ్చాయి. కానీ ఆ మర్నాడే, మార్చి 3న, జావాకి దక్షిణాన అరాషి, నోవాకి కలిసి యాష్‌విల్ అనే చిన్న అమెరికన్ గన్‌బోటుని ముంచాయి. దాదాపు 160 మందిలో ఒకే ఒక్కణ్ణి పైకి తీశారు. అతను 1945లో యుద్ధఖైదీల శిబిరంలో చనిపోయాడు. మూడు నెలల తర్వాత మిడ్‌వే దగ్గర అరాషి ఒక అమెరికన్ పైలట్‌ని నీళ్ళలోంచి తీసింది. విచారించి, సమాచారం రాబట్టుకుని, ఆ తర్వాత చంపేశారు. ఒకే నౌకాదళం, ఒకే మార్చి నెల, పక్కపక్క రోజులు. ఆ మనుషుల మధ్య తేడా ఎక్కణ్ణుంచి వచ్చిందో నువ్వు వివరించక్కర్లేదు. ఇకాజుచి అధ్యాయాన్ని మాత్రం అలా ఒంటరిగా వదిలిపెట్టకు. అటువైపు కూడా అంతే. 1943 మార్చిలో బిస్మార్క్ సముద్రంలో ఎనిమిది రవాణా నౌకలు, ఎనిమిదింటిలో నాలుగు డిస్ట్రాయర్లు మునిగాక, నీళ్ళలో తేలుతున్నవాళ్ళ మీద మిత్రరాజ్యాల విమానాలు, పడవలు తుపాకులు పేల్చాయి.

విశాఖ అధ్యాయం తీసెయ్. 1942 ఏప్రిల్ 6న విశాఖపట్నం, కాకినాడల మీద బాంబులు వేసినవి విమానవాహక నౌక ర్యూజో నుంచి లేచిన విమానాలు. బీచ్‌లో నిలబడిన నీ తాతగారికి డిస్ట్రాయర్ కనిపించి, దాని మీది అక్షరాలు కూడా కనిపించడం ఎవరూ నమ్మరు. నిజమైన ముడి వేరే ఉంది. ఆ రోజే బంగాళాఖాతంలో క్రూజర్లు మొగామి, మికుమాలతో కలిసి వ్యాపార నౌకల్ని వేటాడిన డిస్ట్రాయర్ అమగిరి. మరుసటి ఏడాది ఆగస్టు 2న సోలొమన్ దీవుల దగ్గర తర్వాత అమెరికా అధ్యక్షుడైన జాన్ కెనెడీ నడుపుతున్న చిన్న టార్పెడో పడవ పీటీ-109ని గుద్ది రెండు ముక్కలు చేసింది అదే. కావాలంటే ఎవరి నోటనో ఒక మాటగా రానివ్వు. మన ఊరు ఉండాలి కదా అని అధ్యాయం కల్పించకు.

తేదీలు సరిచూసుకో. జపాన్ ఓడలు ఎక్కడున్నా టోక్యో సమయమే పాటించేవి. మిడ్‌వే పోరు అమెరికన్ లెక్కలో జూన్ 4, జపాన్ లెక్కలో జూన్ 5. నువ్వు రెండు పక్షాల పుస్తకాలూ చదివి కలిపేశావు కాబట్టి, నీ కథలో ఒక ఓడ బయల్దేరకముందే చేరింది.

నాలుగో డివిజన్ ఓడల్లో అరాషి, హగికాజే ఒకే రాత్రి పోయాయి. మైకాజే 1944 ఫిబ్రవరిలో ట్రక్ దీవుల దగ్గర సిబ్బంది అందరితో పోయింది. నోవాకి అదే ఏడాది అక్టోబరులో, చికుమా క్రూజర్‌ నుంచి కాపాడినవాళ్ళని ఎక్కించుకుని వెనక్కి వస్తుండగా దొరికిపోయింది, వాళ్ళతో సహా మునిగింది. ఈ వరసని నవల వెన్నుగా పెట్టుకుంటే నీకు వేరే ప్లాట్ అక్కర్లేదు.

ముందుగా డ్రమ్ముల అధ్యాయం రాసి పంపు. నెలాఖరు దాకా నాకు వేరే పని లేదు. టైపు చెయ్యడం బద్ధకమైతే చేత్తో రాసి ఫోటోలు తీసి పంపినా సరే, ఈసారి మాత్రం పేజీలకి నెంబర్లు వెయ్.

అక్క